‘జంగ్లీ’ దొర: ఒక సైనికాధికారి క్రికెట్ జీవితం, అందులో మన పాఠం

మా పద్మనాభం కొండ మీద అనంత పద్మనాభస్వామి గుడి ఉంది. వెయ్యికి పైగా మెట్లెక్కి పైకి వెళితే కింద పొలాలు, గోస్తనీ నది పారే నేల, చుట్టూ కొండలు కనిపిస్తాయి. ఈ కొండ దగ్గరే 1794 జూలై 10న విజయనగరం రాజు చిన విజయరామరాజుకూ ఈస్టిండియా కంపెనీ సైన్యానికీ యుద్ధం జరిగింది. గంట కూడా పట్టని ఆ పోరులో రాజుగారూ, ఆయన పక్కన నిలిచిన ఎందరో యోధులూ నేలకొరిగారు. కంపెనీ సైన్యాన్ని నడిపిన అధికారి కర్నల్ ప్రెండర్‌గాస్ట్. ఆ తరవాత రాజుగారి కొడుకు నారాయణబాబుకు ఆశ్రయం దొరికింది కొండ ప్రాంతాల్లోనే.

ఈ నాలుగు వాక్యాల్లో మూడు పేర్లు వచ్చాయి. ఇద్దరు రాజవంశీకులు, ఒకరు తెల్ల అధికారి. ఆ పిల్లవాడిని కొండదారుల్లో నడిపించినవాళ్లు, తిండి పెట్టినవాళ్లు, కాపలా కాసినవాళ్లు ఎవరు? మన పాఠ్యపుస్తకాల్లో వాళ్ల పేర్లు లేవు. చరిత్ర ఎలా రాస్తారో తెలుసుకోవాలంటే ఈ ఒక్క తేడా చాలు.

ఈ ప్రత్యేక సంచికలో మేము మీకు చెప్పాలనుకున్నది అలాంటి ఇంకో అధికారి కథ. ఆయన మన ప్రాంతం వాడు కాదు. మన కొండల మీదికి తుపాకీ పట్టుకుని వచ్చినవాడూ కాదు. విక్టోరియా రాణి కాలంలో పూనాలో సైన్యంలో పనిచేసి, క్రికెట్ ఆడి పేరు తెచ్చుకున్నాడు. మరి ఆదివాసీ యువతకు ఆయన కథ ఎందుకు? ఆయన ముద్దుపేరు కోసం. ఆయనను అందరూ ‘జంగ్లీ’ అనేవారు.

ఆ మాట మనకు కొత్త కాదు. ‘కొండోళ్లు’, ‘అడివోళ్లు’, ‘జంగ్లీలు’ అన్న మాటలు కాలేజీలో, బస్సులో, ఆటస్థలంలో పడి వచ్చి, భోజనం ముట్టకుండా పడుకునే పిల్లల్ని హాస్టల్లో మేము ఏటా చూస్తూనే ఉన్నాం. అదే మాట ఒక దొరకు గౌరవంగా ఎలా అతికింది? మనకు తిట్టుగా ఎలా మారింది? ఈ వ్యాసం ఆ ప్రశ్న గురించే.

మౌలో పుట్టిన జాన్ గ్లెన్నీ గ్రీగ్

ఆయన అసలు పేరు జాన్ గ్లెన్నీ గ్రీగ్. 1871లో మధ్యభారతంలోని మౌ అనే కంటోన్మెంటు ఊరిలో పుట్టారు. కంటోన్మెంటు అంటే సైన్యం కోసం కట్టిన ఊరు. 1857 తిరుగుబాటు తరవాత బ్రిటిష్ ప్రభుత్వం ఇలాంటి సైనిక పట్టణాలను మరింత బలపరిచింది. ఒకవైపు బారకాసులు, కవాతు మైదానం, చర్చి, క్లబ్బు. ఇంకోవైపు వంటవాళ్లు, గుర్రాలు చూసేవాళ్లు, బట్టలుతికేవాళ్లు, చెప్పులు కుట్టేవాళ్లు ఉండే బజారు. దొరల పిల్లలు ఒకవైపు, పనివాళ్ల పిల్లలు ఇంకోవైపు పెరిగేవారు. మధ్యలో ఉన్న మైదానంలో మాత్రం ఒకళ్లు ఆడుతుంటే ఇంకొకళ్లు చూసేవారు.

గ్రీగ్ పెద్దయ్యాక సైన్యంలో చేరారు. 1890ల్లో పూనాలో ఉన్నారు. అప్పటి పూనా బొంబాయి రాష్ట్రానికి సైనిక కేంద్రం. వానాకాలంలో గవర్నరు కూడా బొంబాయి వదిలి అక్కడికే వెళ్లేవారు. 1890 నుంచి 1895 వరకు గవర్నరుగా ఉన్న లార్డ్ హారిస్ ఒకప్పుడు ఇంగ్లాండ్ క్రికెట్ జట్టుకే కెప్టెన్. కాబట్టి పూనాలో క్రికెట్ బాగా ఆడే అధికారికి గుర్తింపు ఉండేది.

మరి ‘జంగ్లీ’ ఎలా వచ్చింది? ‘జాన్ గ్లెన్నీ’ అనే రెండు పేర్లను కలిపి గబగబా పలికి చూడండి. ‘జంగ్లీ’ అన్నట్టే వినిపిస్తుంది. పైగా ఆయన పుట్టింది ఇండియాలో. ఆ పేరు ఆయనకు అతుక్కుపోయింది. మనిషి పొట్టి. వేగంగా వచ్చే బంతులను ధైర్యంగా ఎదుర్కొనేవారు. తెల్లవాళ్ల జట్టుకు ఆయనే పెద్ద అండ. బొంబాయిలో యూరోపియన్లు, పార్సీలు ఏటా తలపడే ప్రెసిడెన్సీ మ్యాచ్‌లలో ఆయన పేరు ఎప్పుడూ వినిపించేది.

ఒక్క విషయం గుర్తుంచుకోండి. ‘జంగ్లీ’ అని పిలిచినందుకు గ్రీగ్‌ను ఎవరూ క్లబ్బు బయట నిలబెట్టలేదు. జీతం తగ్గలేదు, పదవి ఆగలేదు. మాట ఒక్కటే అయినా, అది ఎవరి మీద పడిందన్న దాన్ని బట్టి బరువు మారుతుంది.

నెలకు నాలుగు రూపాయల బౌలర్

గ్రీగ్ బ్యాటింగ్‌కు పదును పెట్టింది ఎవరు? ఇక్కడే కథలోకి ఇంకో మనిషి వస్తారు. ఆయన పేరు పల్వాంకర్ బాలూ.

బాలూ చర్మకార కుటుంబంలో పుట్టారు. అప్పటి సమాజం ఆ కులాన్ని అంటరానిదిగా చూసేది. తండ్రి సైన్యంలో పనివాడు. పూనాలో అధికారులు వాడి పడేసిన బ్యాటు, బంతులతో బాలూ, ఆయన తమ్ముడు శివరామ్ ఆట నేర్చుకున్నారు. బాలూకు మొదట దొరికిన ఉద్యోగం ఒక పార్సీ క్రికెట్ క్లబ్బులో పిచ్ ఊడ్చి, రోలర్ లాగడం. జీతం నెలకు 3 రూపాయలు. 1892 ప్రాంతంలో తెల్లవాళ్ల పూనా క్లబ్బుకు మారారు. అక్కడ 4 రూపాయలు. గడ్డి కోయాలి, పిచ్ చదును చేయాలి, గీతలు గీయాలి, నెట్లు కట్టాలి.

ఆటగాళ్లకు సాధన కోసం బంతులు వేసే మనిషి కావాలి. ఒక దొర బాలూను బంతి వెయ్యమన్నారు. బాలూది ఎడమచేతి వాటం. నెమ్మదిగా వచ్చే బంతి నేలను తాకగానే ఎటు తిరుగుతుందో తెలిసేది కాదు. గ్రీగ్ అది చూశారు. మిగతా వాళ్లకంటే ముందే మైదానానికి వచ్చి, బాలూ చేత బంతులు వేయించుకుని సాధన చేసేవారు. తనను ఔట్ చేసిన ప్రతిసారీ బాలూకు 8 అణాలు ఇచ్చేవారని ఒక కథ తరతరాలుగా చెప్పుకుంటున్నారు.

ఈ కథను మన హాస్టల్ పిల్లలకు లెక్కగా చెబుతాం. రూపాయికి 16 అణాలు. బాలూ నెల జీతం 4 రూపాయలు, అంటే 64 అణాలు. ఔట్ చేసిన ప్రతిసారీ 8 అణాలు వస్తే, గ్రీగ్‌ను ఎనిమిది సార్లు ఔట్ చేస్తే నెల జీతం చేతిలో పడినట్టే. నెలంతా ఎండలో రోలర్ లాగితే వచ్చే డబ్బు ఎనిమిది మంచి బంతులకు వస్తుంది. బాలూ బౌలింగ్ రోజురోజుకూ ఎందుకు పదునెక్కిందో ఈ లెక్క చెబుతుంది.

కానీ ఈ లెక్కకు రెండో వైపు కూడా ఉంది. బాలూ ఆ నెట్స్‌లో కొన్ని వందల గంటలు బంతులు వేశారు. ఆయన చేతికి మాత్రం ఒక్కసారి కూడా బ్యాటు ఇవ్వలేదు. పెద్దయ్యాక ఆ మాట కొడుకుతో చెప్పుకున్నారు. అప్పటి క్రికెట్‌లో బ్యాటింగ్ దొరల పని. ఎండలో చెమటోడ్చి బంతులు వేయడం కూలి పని. ఆటలో కూడా ఎవరు ఏ పని చేయాలో ముందే రాసి పెట్టారు.

మట్టి ముంతలో టీ

పూనాలో హిందువుల క్రికెట్ క్లబ్బు కూడా ఉండేది. వాళ్లకు తెల్లవాళ్ల పూనా క్లబ్బును ఓడించాలని పట్టుదల. ఆ క్లబ్బు పిచ్ మీద గ్రీగ్ లాంటి బ్యాట్స్‌మన్‌ను ఔట్ చేయడం ఎలాగో తెలిసినవాడు ఊరిలోనే ఉన్నాడు. కానీ ఆయన కులం అడ్డొచ్చింది. జట్టులోకి తీసుకోవాలా వద్దా అని వాదన జరిగింది. ఆ క్లబ్బులో కొందరు తెలుగువారు కూడా ఉండేవారు. బాలూను తీసుకోవాలని వాళ్లు అన్నారు. స్థానిక బ్రాహ్మణ సభ్యులు ఒప్పుకోలేదు.

అప్పుడు గ్రీగ్ నోరు విప్పారు. బాలూ లాంటి బౌలర్‌ను వదులుకుంటే హిందూ జట్టు తెలివితక్కువ పని చేసినట్టేనని పత్రికకు చెప్పారు. తనను నెట్స్‌లో ఔట్ చేస్తున్నవాడు రేపు అసలు మ్యాచ్‌లో ఎదుటి జట్టులో ఉంటాడని తెలిసి కూడా ఆ మాట అన్నారు. ఈ విషయంలో గ్రీగ్‌ను మెచ్చుకోవాలి. చివరకు బాలూను తీసుకున్నారు.

మైదానంలో అందరూ ఒకే బంతిని ముట్టుకున్నారు. విరామం వచ్చేసరికి మాత్రం తేడా మొదలయ్యేది. మిగతా ఆటగాళ్లు లోపల పింగాణీ కప్పుల్లో టీ తాగితే, బాలూకు బయట మట్టి ముంతలో ఇచ్చేవారు. తాగాక ఆ ముంతను పారేసేవారు. భోజనం వేరే చోట. ముఖం కడుక్కోవాలంటే తన కులానికి చెందిన పనివాడే నీళ్లు పోయాలి. అలా టీ తాగి వచ్చి, మళ్లీ బంతి పట్టుకుని, ఆ జట్టునే ఆయన గెలిపించారు.

బాలూ వికెట్లతో హిందూ జట్టు పూనా తెల్లవాళ్లను ఓడించింది. సతారా తెల్లవాళ్ల జట్టునూ ఓడించింది. బాలూను ఊరేగించారు. సంఘసంస్కర్త మహాదేవ్ గోవింద్ రనడే ఒక సభలో, ఆయనతో కలిసి ఆడగలిగినవాళ్లు కలిసి కూర్చుని తినడానికి అభ్యంతరం ఏమిటని నిలదీశారు.

ఇక్కడ కాస్త ఆగి ఆలోచించాలి. ఆ దారి తెరుచుకోవడానికి ఒక తెల్ల అధికారి సాక్ష్యం అవసరమైంది. బాలూ వేసిన వేల బంతులు చెప్పలేని మాట, దొర ఒక్కసారి చెబితే అందరికీ వినిపించింది. గ్రీగ్ మంచివాడే. కానీ మంచివాడి మాట మీద ఆధారపడవలసి రావడం మంచి పద్ధతి కాదు. రేపు ఆయన బదిలీ అయితే? ఆయనకు బాలూ బౌలింగ్ నచ్చకపోతే? హక్కు ఒకరి మంచితనం మీద నిలబడకూడదు. మనకు రాజ్యాంగంలో ఐదో షెడ్యూలు, అటవీ హక్కుల చట్టం లాంటివి కావలసి వచ్చింది అందుకే.

అదే కాలంలో మన కొండలు

పూనాలో గ్రీగ్ నెట్స్‌లో సాధన చేస్తున్న కాలానికి మన మన్యం ఎలా ఉంది? 1839 చట్టంతో విశాఖ, గంజాం కొండ ప్రాంతాలను మిగతా జిల్లా నుంచి విడదీసి ఏజెన్సీగా చేశారు. 1879లో రంప ప్రాంతంలో తిరుగుబాటు వచ్చింది. కల్లు మీద వేసిన చిగురుపన్ను, మునసబుదారు దోపిడీ, పోలీసుల, వడ్డీ వ్యాపారుల వేధింపులు కలిసి ప్రజలను లేపాయి. దాన్ని అణచడానికి మద్రాసు సైన్యాన్ని పంపారు. 1882లో మద్రాసు అటవీ చట్టం వచ్చింది. పోడు చేసుకునే నేల, కట్టెలు ఏరుకునే అడవి, పశువులు మేసే కొండ, ఒక్కొక్కటీ సర్కారు లెక్కలోకి పోయాయి.

అడవి సర్కారుకు విలువైన ఆస్తి అయింది. అందులో పుట్టి పెరిగిన మనిషి మాత్రం అడ్డు అయ్యాడు. ‘అడవి మనిషి’ అన్న మాట తిట్టుగా గట్టిపడింది ఈ కాలంలోనే అని మా అభిప్రాయం. టేకు చెట్టు జంగిల్‌లో ఉంటే ఆదాయం, మనిషి జంగిల్‌లో ఉంటే జంగ్లీ.

1900లో సాలూరు దగ్గర కొర్రవానివలసలో కొర్రా మల్లయ్య అనే కొండదొర నాయకుడి చుట్టూ వేల మంది చేరారు. తమ చేతుల్లోని వెదురు కర్రలు తుపాకులవుతాయని, సర్కారు ఆయుధాలు నీరుగారిపోతాయని నమ్మారు. పోలీసులు కాల్పులు జరిపారు. 11 మంది చనిపోయారు. జిల్లా గెజిటీర్‌లో ఈ సంగతి కొద్ది వాక్యాల్లో ముగుస్తుంది. మల్లయ్య పేరు ఉంది, చనిపోయినవాళ్ల లెక్క ఉంది. వాళ్ల పేర్లు లేవు.

సరిగ్గా తరవాతి ఏడాది, 1901లో, విక్టోరియా రాణి జనవరిలో మరణించింది. అదే ఏడాది వేసవిలో గ్రీగ్ సెలవు మీద ఇంగ్లాండ్ వెళ్లి హాంప్‌షైర్ కౌంటీ జట్టుకు ఆడారు. లివర్‌పూల్‌లో లాంకషైర్ మీద 249 పరుగులు చేసి ఔట్ కాకుండా నిలిచారు. ఆ ఇన్నింగ్స్ స్కోరు పుస్తకంలో పదిలంగా ఉంది. నూరేళ్లు దాటినా ఆయన చేసిన ప్రతి పరుగుకూ లెక్క దొరుకుతుంది.

ఈ రెండు సంగతులను పక్కపక్కన పెట్టడం గ్రీగ్‌ను నిందించడానికి కాదు. కొర్రవానివలసతో ఆయనకు ఏ సంబంధమూ లేదు. మేము చూపించాలనుకున్నది ఒక్కటే. ఒక ఆటలో కొట్టిన 249 పరుగులకు చోటు దొరికిన కాలంలోనే, ప్రాణం పోయిన 11 మంది పేర్లకు చోటు దొరకలేదు. ఎవరి దగ్గర పుస్తకం ఉందో వాళ్ల లెక్కే నిలుస్తుంది.

సైన్యం నుంచి చర్చికి

గ్రీగ్ జీవితం ఆ తరవాత కూడా ఆసక్తిగానే సాగింది. బొంబాయి గవర్నరు దగ్గర సైనిక కార్యదర్శిగా పనిచేశారు. లెఫ్టినెంట్ కర్నల్ హోదా వరకు వెళ్లారు. సెలవు దొరికినప్పుడల్లా హాంప్‌షైర్‌కు, మిగతా కాలమంతా ఇండియాలో యూరోపియన్లకు ఆడుతూ ఫస్ట్‌క్లాస్ క్రికెట్‌లో ఏడు వేలకు పైగా పరుగులు చేశారు. 1921 నుంచి 1930 వరకు హాంప్‌షైర్ క్లబ్బుకు కార్యదర్శి. ఆ తరవాత ఎవరూ ఊహించని పని చేశారు. కాథలిక్ మతగురువు అయ్యారు. 1958లో 86 ఏళ్ల వయసులో కన్నుమూశారు. అప్పటికి భారతదేశం స్వతంత్రమై పదేళ్లు దాటింది.

అరవై ఏళ్లు వచ్చే వయసులో కొత్త చదువు చదివి, కొత్త బాధ్యత ఎత్తుకున్నారన్నది మనం ఆయన నుంచి తీసుకోవలసిన మంచి. పదో తరగతి ఒకసారి తప్పితే ఇక చదువు అయిపోయిందనుకునే తమ్ముళ్లూ చెల్లెళ్లూ, ఈ సంగతి గుర్తుపెట్టుకోండి.

బాలూ ఎంత దూరం నడిచారు

బాలూ జీవితం అంత సాఫీగా సాగలేదు. కానీ ఇంకా ఎత్తుకు ఎదిగింది. ప్లేగు రోజుల్లో ఆయన పూనా వదిలి బొంబాయి చేరారు. రైల్వేలో ఉద్యోగం దొరికింది. అక్కడి హిందూ జింఖానా జట్టులో చోటు దొరికింది. 1906 ఫిబ్రవరిలో బొంబాయిలో హిందూ జట్టు యూరోపియన్లను 109 పరుగుల తేడాతో ఓడించింది. ఆ జట్టులో బాలూ, శివరామ్ ఇద్దరూ ఉన్నారు. ఇండియన్ సోషల్ రిఫార్మర్ పత్రిక దీన్ని ఆట గెలుపుగా మాత్రమే చూడలేదు. కులం గోడకు పడిన బీటగా రాసింది.

1911లో పటియాలా మహారాజు నాయకత్వంలో భారత జట్టు ఇంగ్లాండ్ వెళ్లింది. జట్టు ఎక్కువ మ్యాచ్‌లు ఓడిపోయింది. బాలూ ఒక్కరే 114 వికెట్లు తీశారు. ఒకప్పుడు గ్రీగ్‌కు నెట్స్‌లో బంతులు వేసిన కూలీ, గ్రీగ్ దేశానికే వెళ్లి అక్కడి బ్యాట్స్‌మన్లను ఔట్ చేసి వచ్చారు. తిరిగి వచ్చాక బొంబాయిలో అణగారిన కులాలవారు సన్మానం చేశారు. ఆ సన్మానపత్రం సిద్ధం చేయడంలో ఒక యువకుడి చేయి ఉంది. ఆయన పేరు భీమ్‌రావ్ అంబేడ్కర్.

ఇంత చేసినా బాలూను హిందూ జట్టుకు కెప్టెన్ చేయలేదు. 1920లో ఆ అన్యాయానికి నిరసనగా ఆయన తమ్ముళ్లు శివరామ్, విఠల్ జట్టు నుంచి తప్పుకున్నారు. చివరకు 1923లో విఠల్ కెప్టెన్ అయ్యారు. అన్నకు దక్కనిది తమ్ముడికి దక్కింది. అది కూడా బతిమాలితే వచ్చింది కాదు, ఆట ఆపి నిలబడితే వచ్చింది. బాలూ తరవాత రాజకీయాల్లోకి వచ్చారు. 1932 పూనా ఒప్పందంపై సంతకం చేసినవాళ్లలో ఒకరు. 1937 ఎన్నికల్లో అంబేడ్కర్ మీద కాంగ్రెస్ తరఫున పోటీ చేసి ఓడిపోయారు. ఆ విషయంలో మన అభిప్రాయం ఏదైనా, రోలర్ లాగిన మనిషి దేశ చరిత్రను మలిచే ఒప్పందం మీద సంతకం చేసే దాకా నడిచిన దూరాన్ని మాత్రం తక్కువ చేయలేం.

కర్నల్ అయిన తెలుగువాడు, కెప్టెన్ అయిన విజయనగరం రాజకుమారుడు

ఈ కథలో మన తెలుగువాళ్లకూ చోటు ఉంది. బాలూ సోదరులు ఆడిన ఆ హిందూ జట్టులోకే 1916లో నాగపూర్‌లో పుట్టిన ఒక తెలుగు యువకుడు వచ్చాడు. ఆయనే కొఠారి కనకయ్య నాయుడు, సి.కె. నాయుడు. 1926లో బొంబాయి జింఖానా మైదానంలో ఇంగ్లాండ్ నుంచి వచ్చిన ఎం.సి.సి. జట్టు మీద 11 సిక్సర్లతో 153 పరుగులు కొట్టారు. ఇండోర్ హోల్కర్ మహారాజు ఆయనను తన సైన్యంలో అధికారిగా తీసుకున్నారు. ఆ విధంగా ఆయన కర్నల్ నాయుడు అయ్యారు. 1932 జూన్ 25న లార్డ్స్‌లో మొదలైన భారతదేశపు మొదటి టెస్టుకు ఆయనే కెప్టెన్. గ్రీగ్ కాలంలో అధికారి అంటే తెల్లవాడు, బంతి వేసేవాడు మనవాడు. ముప్పై, నలభై ఏళ్లలో ఆ చిత్రం తిరగబడింది.

అంతటితో అంతా బాగుపడిందనుకోవద్దు. 1936లో ఇంగ్లాండ్ వెళ్లిన జట్టుకు కెప్టెన్‌గా వెళ్లింది సి.కె. నాయుడు కాదు, విజయనగరం రాజకుమారుడు విజ్జీ. మా పద్మనాభం యుద్ధంలో కంపెనీ మీద పోరాడి చనిపోయిన రాజుగారి వంశం అది. 142 ఏళ్ల తరవాత ఆ వంశంవాడే బ్రిటిష్ ప్రభుత్వం ఇచ్చిన సర్ బిరుదును ఆ పర్యటనలోనే అందుకున్నాడు. ఆటలో తనకంటే ఎంతో గొప్పవాడైన నాయుడు ఆయన కింద ఆడవలసి వచ్చింది. డబ్బు, వంశం ఉంటే ప్రతిభ వెనక్కి పోతుందన్న పాఠం తెల్లవాళ్ల దగ్గరే కాదు, మనవాళ్ల దగ్గరా ఉంది.

ఇప్పుడు విశాఖలో మధురవాడ దగ్గర అంతర్జాతీయ మ్యాచ్‌లు జరిగే పెద్ద మైదానం ఉంది. మన పిల్లలు టీవీలో దాన్ని చూసి మురిసిపోతారు. టికెట్ కొనుక్కుని చూడడం సరే. ఆ మైదానంలో గడ్డి కోస్తున్నది, రోలర్ నడుపుతున్నది ఎవరో కూడా ఒకసారి చూడండి.

సభలో నిలబడిన ఇంకో జంగ్లీ

మొదట అడిగిన ప్రశ్నకు వద్దాం. ‘జంగ్లీ’ అన్న మాటను ఏం చేయాలి? ఏడ్చి ఊరుకోవాలా? కొట్లాడాలా? మనకంటే ముందు ఒక ఆదివాసీ దీనికి జవాబు చెప్పి వెళ్లారు.

ఆయన జైపాల్ సింగ్ ముండా. 1903లో ఇప్పటి జార్ఖండ్‌లోని ముండా కుటుంబంలో పుట్టారు. ఆక్స్‌ఫర్డ్‌లో చదివారు. 1928 ఆమ్‌స్టర్‌డామ్ ఒలింపిక్స్‌కు వెళ్లిన భారత హాకీ జట్టుకు కెప్టెన్. ఆ జట్టు స్వర్ణం గెలిచింది. ఆటస్థలంలో ఆదివాసీ వెనక నిలబడి బంతులు అందించేవాడు మాత్రమే కాదని, దేశపు జట్టును నడిపించగలడని ఆయన చూపించారు.

1946 డిసెంబరు 19న రాజ్యాంగ సభలో నెహ్రూ ప్రవేశపెట్టిన లక్ష్యాల తీర్మానం మీద చర్చ జరుగుతోంది. పెద్ద పెద్ద న్యాయవాదులు, నాయకులు కూర్చున్న సభ అది. జైపాల్ సింగ్ లేచి, తన ప్రాంతంలో తమను జంగ్లీలనే పిలుస్తారని, ఆ జంగ్లీనైనందుకు తనకు గర్వంగా ఉందని చెప్పారు. వేల ఏళ్లుగా తమ ప్రజలకు జరిగిన అవమానాన్ని సభ ముందు పెట్టారు. ప్రజాస్వామ్యం ఆదివాసీలకు ఎవరో నేర్పవలసినది కాదని, వాళ్ల దగ్గరే మిగతావాళ్లు నేర్చుకోవాలని అన్నారు.

గ్రీగ్‌కు ఆ పేరు అనుకోకుండా, పలుకుబడిలో కలిసి వచ్చింది. దానివల్ల ఆయన పోగొట్టుకున్నదీ లేదు, పొందినదీ లేదు. జైపాల్ సింగ్ ఆ పేరును తెలిసి తలకెత్తుకున్నారు. మన మీద విసిరిన రాయిని పట్టుకుని, పునాదిలో పెట్టారు. అందుకే మాకు గుర్తుండే జంగ్లీ ఆయనే.

మీరు చేయవలసిన పని

చరిత్ర చదివి పక్కన పెట్టడానికి ఈ వ్యాసం రాయలేదు. మీతో మూడు పనులు చేయించాలని రాశాం.

మొదటిది: మీ ఊరి స్కోరు పుస్తకం మీరే రాయండి. మీ తాత, మామ్మల దగ్గర కూర్చుని ఊరు ఎలా పుట్టిందో, అడవి ఎప్పుడు సర్కారు చేతిలోకి పోయిందో, ఏ రోడ్డుకు ఎవరు రాళ్లు మోశారో, డోలీలో ఎవరు ఎవరిని ఆసుపత్రికి చేర్చారో అడగండి. పేర్లతో సహా రాయండి. మన భాషల్లో ఆ పేర్లు ఎలా పలుకుతారో అలాగే ఫోనులో రికార్డు చేయండి. పేరు లేకుండా ఎవరినీ ‘తదితరులు’ అని రాయకండి.

రెండోది: ఆటలో అయినా, ఉద్యోగంలో అయినా, సంఘంలో అయినా మీ వంతు బ్యాటు అడగండి. ఎవరైనా మిమ్మల్ని ఎప్పుడూ బంతులు అందించడానికే పిలుస్తుంటే, సభలో కుర్చీలు సర్దడానికే పిలుస్తుంటే, మర్యాదగా, గట్టిగా అడగండి. ఆడపిల్లలు మరీ అడగాలి. మన సంఘాల్లో కూడా అమ్మాయిలకు వంట, స్వాగతం, ముగ్గులు. మైకు మాత్రం అబ్బాయిలకు అన్న అలవాటు పోవాలి.

మూడోది: మీకు మంచి చేసినవాళ్లను మరిచిపోకండి, కానీ వాళ్ల మంచితనాన్ని మీ హక్కు అనుకోకండి. గ్రీగ్ లాంటి మంచి అధికారి దొరకడం అదృష్టం. చట్టం తెలిసి ఉండడం బలం. పీసా చట్టం ఏమి చెబుతుందో, గ్రామసభకు ఏ అధికారం ఉందో, మీ స్కాలర్‌షిప్ ఏ నెలలో రావాలో తెలుసుకోండి. తెలియకపోతే వచ్చి అడగండి. మేము ఉన్నది అందుకే.

ఇక మిమ్మల్ని ఎవరైనా ‘జంగ్లీ’ అంటే తల దించకండి. ఆ పేరుతో ఒక దొర పరుగులు తీశాడని, ఆ దొరకు నెలకు నాలుగు రూపాయల జీతగాడు బంతి తిప్పడం చూపించాడని, ఆ పేరే చెప్పుకుని ఒక ఆదివాసీ రాజ్యాంగ సభలో నిలబడ్డాడని చెప్పండి. తరవాత మీ పేరు, మీ ఊరి పేరు, మీ తెగ పేరు స్పష్టంగా చెప్పి, మీ పని మీరు చూసుకోండి.

జై ఆదివాసీ!